అవతలి నుంచి వచ్చిన మావ

మా పక్కింటి మావ పోయాడన్న కబురు డుంబ్రిగుడ సంతలో తెలిసింది. చెప్పిన పార్టీ మనిషి ముఖంలో బాధేమీ లేదు. ఫ్లెక్సీకి ఏ ఫొటో బాగుంటుందో నన్నడిగాడు. కొన్న పసుపు సంచి అక్కడే వదిలేసి ఇంటికొచ్చాను.

మావ పుట్టింది ఒడిషాలో. డ్యాము నీళ్ళు ఊరిని మింగేస్తే తల్లి చెయ్యి పట్టుకుని ఈ కొండెక్కాడు. కూలి చేసి, బీడు బాగుచేసి రాగులు వేశాడు, తర్వాత కాఫీ. సర్పంచ్ అయ్యాడు, ఒక్కసారి ఎమ్మెల్యే కూడా. అసెంబ్లీ నుంచి వచ్చిన రోజు తెల్లచొక్కా విప్పి దండెం మీదేసి, మంచినీళ్ళయినా తాగకుండా తోటలోకి పోయేవాడు. "అక్కడి మాటలు ఒంటికి అంటుకుంటాయే గుంటా, మట్టితో తోమితేగాని పోవు" అనేవాడు. మా అయ్యతో పోట్లాడి నన్ను పెదబయలు హాస్టల్లో చేర్పించింది ఆయనే. ఇవాళ నేను టీచర్ని.

పోయినవాళ్ళ గురించి మంచే రాయాలంటారు. మావ గురించి నాకు మంచి తప్ప తెలీదు. మిగతావాళ్ళ గురించే మీకు చెప్పక తప్పడం లేదు.

గనుల కంపెనీ కొండ తవ్వుకోవడానికి ఊళ్ళన్నీ ఒప్పుకున్నాయని రాసిన కాగితం మీద సంతకం పెట్టమంది ఆయన పార్టీయే. మావ పెట్టలేదు. "ఓపాలి మునిగినోణ్ణి. ఇంకో ఊరిని నా సేత్తో ముంచను" అన్నాడు. మళ్ళీ టికెట్ ఇవ్వలేదు సరికదా, వాడసలు ఇక్కడోడే కాదు, వలసొచ్చినోడని ఊరూరా మైకుల్లో చెప్పించారు. ఆ మైకులు పట్టుకున్నవాళ్ళే మొన్న 'మన్యం ముద్దుబిడ్డ' అని ఫ్లెక్సీలు కట్టారు.

షామియానా నాయకుల కుర్చీలకి వేశారు. మావని మాత్రం ఎండలో బల్ల మీద పడుకోబెట్టారు, ఫొటోలు బాగా వస్తాయట. పెద్ద నాయకుడు అరకులో భోంచేస్తున్నాడు, ఆయన వచ్చేదాకా ఎత్తకూడదన్నారు. మధ్యాహ్నం దాటింది. ముఖం మీద ముసిరే ఈగల్ని అత్త కొంగుతో తోలుతూ కూర్చుంది. కుర్చీల్లో వాళ్ళు నవ్వుకుంటూ కబుర్లాడుతున్నారు. పొద్దున వాళ్ళకి నమస్కారం పెట్టినందుకు నా చేతులంటే నాకే రోత పుట్టింది.

"ఇంక ఎత్తండి" అంటూ అత్త లేచింది.

పార్టీ మనిషి అడ్డొచ్చి, సార్ దారిలో ఉన్నారు, ఇంకో పది నిమిషాలు ఆగమన్నాడు.

"బతికుండగా బయటోడన్నారు. ఇప్పుడు మీకేటౌతాడు?" అంది అత్త.

అతను పక్కకి తప్పుకున్నాడు. ఆడవాళ్ళం కూడా పాడెకి భుజం పట్టాం. ఊరు దాటగానే మలుపులో పెద్ద నాయకుడి కార్ల వరస ఎదురైంది. ఒక్క బండి పట్టే దారి. ఓ పక్క కొండ, ఓ పక్క లోయ. మేం ఆగలేదు. ముందు కారు ఒకసారి హారన్ కొట్టి ఊరుకుంది. తర్వాత చివరి కారు నుంచి ఒక్కొక్కటీ వెనక్కి కదిలాయి. ఆ దుమ్ములో కార్లు అలా వెనక్కి, వెనక్కి పోతూనే ఉన్నాయి. వాటికెదురుగా మావ మా భుజాల మీద మెల్లగా వెళ్తూనే ఉన్నాడు.