పూజలో పెట్టిన లెక్కల పుస్తకం

హైదరాబాదులో ఎమ్మెస్సీ లెక్కలు చదివే రోజుల్లో దసరా సెలవులకు గద్వాల వచ్చాను. వెంట ఒక్కటే పుస్తకం. పాక్షిక అవకలన సమీకరణాల మీద, అనువర్తిత గణితం విద్యార్థుల కోసం ఇంగ్లీషులో రాసిన లావుపాటి గ్రంథం. సెలవులు కాగానే పరీక్ష. అమ్మ ఆ పుస్తకాన్ని సరస్వతి పూజలో పెట్టి పసుపు కుంకుమలు అద్దింది. పూజకెక్కిన పుస్తకం దశమి దాకా తీయకూడదు. కళ్ళెదుటే ఉంటుంది, చేయి పెట్టడానికి లేదు. ఒళ్ళు మండిపోయింది.

అక్కది నాకంటే పెద్ద కష్టం. అత్తగారింట్లో దెబ్బలు పడలేక ఆ ఊరు, గట్టు నుంచి వచ్చేసి, ఎండాకాలం నుంచీ మా దగ్గరే ఉంది. దశమినాడు బావ బండి తెస్తాడనీ, మారుమాట లేకుండా పోవాలనీ నాయన తేల్చేశాడు. నేను అడ్డం చెప్పబోతే "నీ పరీక్ష సంగతి జూసుకో" అన్నాడు.

చదవడానికేమీ లేక, జొన్నరొట్టెలు చేస్తున్న అక్క పక్కన చేరాను.

"గంత పెద్ద పుస్తకంల ఏమున్నది తమ్మీ?" అంది.

పెనం చూపించాను. కింద మంట లేదనుకో, దీని చుట్టూ అంచు మీద ఎక్కడ ఎంత వేడి ఉండాలో ఎవరో నిర్ణయించి అట్లాగే నిలిపారనుకో. అంతా కుదురుకున్నాక నడుమ ఏ చోట ఎంత వేడి ఉంటుందో లెక్కగట్టి చెప్పొచ్చు అన్నాను.

"నడుమ దానికి ఇష్టమొచ్చినట్ల ఉండనీకె లేదా?"

"లేదక్కా. ఒక్కటే జవాబు. రెండోది లేదని రుజువు గూడ ఉన్నది." ఆ సిద్ధాంతమంటే నాకు మహా ఇష్టం. గొప్పగానే చెప్పాను.

"గట్లయితే నాదీ గంతే గదా" అంది అక్క.

రొట్టె మాడిన వాసన వచ్చాక తీసి పక్కన పడేసి, "మరి అంచు మారిస్తే?" అని అడిగింది.

"జవాబు మారుతది."

అక్క ఇంకో రొట్టె పెనం మీద వేసింది.

దశమినాడు మధ్యాహ్నం బండి వాకిట్లో ఆగింది. బావ దిగలేదు. అక్కను సాగనంపి జమ్మి పూజకు పోదామని నాయన కొత్త తలపాగా చుట్టుకున్నాడు. అక్క నేరుగా వెళ్ళి గడప మీద కూర్చుంది. మా ఇంటికి వేరే దారి లేదు.

"లే బిడ్డా, గడప మీద కూసుంటరా?" అమ్మ బతిమాలింది. నాయన అరిచాడు.

"నేను పోను. నరికినా పోను."

మనిషిని దాటి పోవడం మాకు తప్పు, పండుగ పూట మరీ తప్పు. ఊరంతా జమ్మికి కదులుతుంటే నాయన తలపాగాతో ఇంట్లోనే ఇరుక్కుపోయాడు. నాకు లోలోపల సంతోషమైంది. అమ్మ అప్పటికే పూజలోంచి తీసి ఇచ్చిన పుస్తకాన్ని గూట్లో పెట్టేసి, "జర జరుగక్కా" అని ఆమె పక్కన కూర్చున్నాను.

పొద్దు వాలింది. చివరికి నాయన లోపలి నుంచే కేకేశాడు: "బండి మలుపుకోండ్రి. బిడ్డ రాదు."

చక్రాల చప్పుడు వీధి దాటేదాకా అక్క లేవలేదు. లేచేసరికి కాళ్ళు తిమ్మిరెక్కి తూలింది. పడకుండా పట్టుకున్నది నాయనే.