చిజురు గెలిచిన ఆట

తెండో ఊళ్ళో షోగి అనే జపాను చదరంగానికి పావులు చెక్కేవాళ్ళ ఇంట పుట్టిన చిజురు పన్నెండేళ్ళకే ఒసాకా వచ్చి ఒగురో గురువుగారి దగ్గర చేరింది. చేరిన రోజునే ఆయన అన్నారు: "ఇక్కడంతా మగపిల్లలే. నీకెవరూ దారివ్వరు. నేనూ ఇవ్వను."

పదమూడేళ్ళలో ఆమె మూడో శ్రేణి దాకా ఎక్కింది. ముప్ఫై మందికి పైగా ఉన్న ఆ శ్రేణిలో ఆడమనిషి తనొక్కతే. ఆమె చేతిలో ఓడినవాణ్ణి తోటివాళ్ళు వారం రోజులు ఏడిపించేవారు. అందుకే ఆమె ఎదురైతే ప్రతివాడూ ప్రాణాల మీదికొచ్చినట్టు ఆడేవాడు. కువబారా ఒక్కడే వేరు. ఓడినా సరే, "పద, ఆకలేస్తోంది" అని ఉడోన్ నూడుల్స్ కొట్టుకు లాక్కుపోయేవాడు.

ఇరవై ఆరేళ్ళు నిండేలోగా నాలుగో శ్రేణికి చేరితేనే వృత్తి ఆటగాళ్ళు, లేదంటే బయటికే. శ్రేణి పోటీలు మార్చితో ముగుస్తాయి; ఇద్దరికీ అదే ఆఖరిసారి. చివరి రోజు పొద్దుటి ఆటలో చిజురు ఓడిపోయింది. ఆమె దారి అక్కడితో మూసుకుపోయింది. మధ్యాహ్నం ఎదురుగా కూర్చున్నది కువబారా. గెలిస్తే అతను గట్టెక్కినట్టే.

ఆ ఆటకు వెళ్తుంటే మెట్ల దగ్గర తోటివాడొకడు గొణిగాడు: "నీకెలాగూ పోయేదేం లేదు కదక్కా, వాణ్ణి గెలవనియ్యి."

ఆమె వినిపించుకోలేదు. నాలుగు గంటల తర్వాత, అతని దగ్గర గెలుచుకున్న గుర్రాన్నే, షోగి పద్ధతిలో తన పావుగా అతని రాజుకు గురిపెట్టి దించింది. కువబారా తలవంచాడు. "ఓడిపోయాను."

ఆనవాయితీ ప్రకారం ఇద్దరూ ఆటను మొదటినుంచీ మళ్ళీ నడిపి చూశారు.

"ఇక్కడ నువ్వు బంటు జరిపుంటే నేను బతికేవాణ్ణి. చూళ్ళేదా?"

"చూశాను."

"చూసి కూడానా?"

"నా చోట నువ్వుంటే జరిపేవాడివా?"

అతను కళ్ళు తుడుచుకుని పావులు సంచిలో పోశాడు. ఆ వేసవిలో హిమేజీలో మేనమామ టోఫు దుకాణంలో చేరాడని చిజురు విన్నది. ఉత్తరం రాయబోయి, రెండుసార్లు చించేసింది.

ఆమెకు మిగిలింది, ఇన్నేళ్ళూ వద్దంటూ వచ్చిన ఆడవాళ్ళ విభాగం. "వేరే పంక్తిలో వడ్డిస్తే తిననన్నావుగా?" అన్నారు గురువుగారు, మెల్లగానే.

"ఆకలి తీరలేదండీ," అంది చిజురు.

ఐదేళ్ళు అక్కడ ఆడింది. అందరూ ఆడే పోటీల్లో మగ వృత్తి ఆటగాళ్ళను వరసగా ఓడించి, వాళ్ళలో చేరేందుకు వయసు అడ్డులేని ప్రవేశపరీక్షకు అర్హత తెచ్చుకుంది. ఐదాటల్లో మూడు గెలవాలి. రెండే గెలిచింది.

మళ్ళీ అర్హత కావాలంటే మొదటినుంచీ గెలుచుకుంటూ రావాలి. తొమ్మిది రోజుల తర్వాత నగోయా పోటీలో తన పేరు పిలవగానే ఆమె లేచి లోపలికి వెళ్ళింది.