మాకు ముందే వచ్చే షో

కువైట్‌లో, ఫింటాస్‌లోని మా ఇల్లు సర్దుతుంటే, వెండి పూత గీకేసిన పాత ఫోన్ కార్డొకటి దొరికింది. చూడగానే నా తొమ్మిదేళ్ళ వయసప్పటి హడావుడంతా ఒంట్లోకి వచ్చేసింది.

మా తెలుగు చానెల్లో శనివారం రాత్రి పదికి ఒక షో వచ్చేది. యాంకరు పేరున్న నటుల్ని సోఫాలో కూర్చోబెట్టి, బుద్ధిగా ప్రశ్నలడుగుతూనే ఏదో ఒక తిక్కపని చేసేవాడు. కడపలో పదంటే కువైట్‌లో ఏడున్నర. అంటే కడపలో ఉన్న అవ్వకంటే మేమే రెండున్నర గంటలు ముందు చూస్తున్నామని నా లెక్క.

ఒకరోజు సోఫా మీదికి మేకను ఎక్కించాడు. నేను ఫోను దగ్గరికి ఒకటే పరుగు.

"అవ్వా, ఈరోజు మేక హీరో చొక్కా తింటాది. పదికి చూడు, ఎవురికీ చెప్పొద్దు."

"ఔనా అమ్మీ? మాకింకా రాలేదే," అని అవ్వ పడీపడీ నవ్వింది.

"యల్లా, ఇంక పెట్టెయ్, కార్డు ఖలాస్ అయితాది," అని అమ్మ ఫోను లాక్కుంది.

షో రెండుచోట్లా ఒకేసారి వస్తుందని చాలా ఏళ్ళకి గానీ నాకు తట్టలేదు. అవ్వ వెనక టీవీ చప్పుడు ఎప్పుడూ వినబడేది కాదు. ఫోను మోగగానే సౌండు తీసేసి, ఎదురుగా మేక చొక్కా నములుతున్నా, నేను చెప్పేదాకా నవ్వు ఆపుకునేదన్నమాట.