పరుపు అవతలి ఊ

పరుపులాయన మాటల్లో దూది తక్కువ, గాలి ఎక్కువ. ఓ రాజుగారి ఏనుగుకి పరుపు కుట్టాననీ, అది పడుకుని మూడేళ్లు లేవలేదనీ ఒట్టేసి చెప్పేవాడు. వినేవాళ్లు ఎంతమంది ఉన్నా ఊ కొట్టేది భార్య ఒక్కతే. పరుపును నిలబెట్టి చెరోవైపు కూర్చునేవారు. ఇతను దబ్బనం గుచ్చితే ఆమె అటునుంచి లాగేది, ఆమె గుచ్చితే ఇతను లాగేవాడు. మొహాలు కనబడవు. కథ ఇటునుంచి, ఊ అటునుంచి. పంతొమ్మిదేళ్లు అలాగే గడిచాయి.

ఒకరోజు కొట్టు నిండా జనం ఉండగా ఆమెకి నోరు ఊరుకోలేదు.

"ఆ ఏనుగు పోయినేడు ఎద్దేనండి. వచ్చే ఏటికి కొండవుతుంది."

జనం పడీపడీ నవ్వారు. ఆయనకి తల కొట్టేసినట్టయింది. ఇంటికెళ్లి, బావమరిది ఎదుటే, "నీకు తలాక్ ఇస్తున్నా" అనేశాడు. ఒక్కసారే.

కాజీగారు నిదానంగా చెప్పారు. "ఒక్కసారే అన్నావు కాబట్టి దారి ఉంది. ఇద్దత్ గడువు తీరేదాకా ఆవిడ నీ ఇంట్లోనే ఉంటుంది. ఈలోగా వెనక్కి తీసుకున్నానని ఒక్క మాటంటే చాలు. గడువు దాటితే మాత్రం మళ్లీ నికా, ఆవిడ ఒప్పుకుంటేనే. గడువంటే..."

"మూడు నెలలు, తెలుసులెండి. మా తాత ఇలాంటి తగవులు మూడొందలు తీర్చాడు."

తాత జన్మంతా మేకలు కాశాడు.

తెల్లారేసరికి కోపం దిగిపోయింది, బెట్టు దిగలేదు. ముందు ఆమె ఊ అనాలి, అప్పుడు చూద్దాం అనుకున్నాడు. కొట్టు గోడమీద రోజుకో సుద్దగీత గీశాడు. ఎనభై తొమ్మిదో గీతనాడు బజారంతా పిలిచి, అందరిముందూ ఆ మాట చెప్పి మీసం తిప్పాలని పథకం. దబ్బనం అటూ ఇటూ తిరుగుతూనే ఉంది, ఊ మాత్రం లేదు.

అరవై తొమ్మిదో గీతనాడు అటునుంచి గొంతు వినబడింది.

"నాతో ఏమైనా చెప్పాలా మీరు?"

ఆయన పొంగిపోయాడు. దారికొచ్చిందనుకుని ఏనుగు కథ మొదటినుంచీ ఎత్తుకున్నాడు. అంతా అయ్యాక, చాలాసేపటికి, "ఊ" అంది.

మర్నాడు పొద్దున్నే బావమరిది ఆటో తెచ్చాడు. ఆమె తలుపు చాటున నిలబడి, కొంగు మొహంమీదికి లాక్కుంది, పరాయి మగాడి ముందు లాక్కున్నట్టు.

"ఇంకా ఇరవై గీతలున్నాయి కదే. సరే, వెనక్కి తీసుకున్నా, చాలా?"

"నెలల లెక్క ముట్లుడిగినవాళ్లకి. నాలాంటివాళ్లకి మూడు ముట్లు. నాకు మూడోదీ వచ్చి పోయింది. నిన్నటితో గడువు తీరింది."

"ఒక్కమాట చెప్పొచ్చుగా."

"అడిగానుగా."

ఆయన గడపకి అడ్డమొచ్చాడు. "మళ్లీ నికా చేసుకుందాం. ఒప్పుకో."

"ఇన్నాళ్లూ నా ఒప్పుదలతో పనే లేదు, మీ ఒక్క మాట చాలు. దానికోసమే పరుపు వెనకాల చెవులప్పగించి కూర్చున్నా. ఏనుగొచ్చింది, ఆ మాట రాలేదు." ఆటోవైపు తిరిగింది. "నేను ఒప్పుకోను."

ఇప్పుడు పరుపుకి రెండువైపులా ఒంటిచేత్తో కుట్టే మొనగాడు ఈ భూమ్మీద తనొక్కడేనని చెబుతాడు. అది మాత్రం అబద్ధం కాదు. ఇటు గుచ్చుతాడు, లేచి చుట్టూ తిరిగి వెళ్లి ఆమె పీటమీద కూర్చుని లాగుతాడు, మళ్లీ లేస్తాడు. ఎవరైనా అడిగితే ఏనుగు కథ మొదలెడతాడు. ఊ పడాల్సిన చోట ఆగుతాడు. ఆగి, దబ్బనంకోసం అటువైపు వెళతాడు.