ఎడమచేతి క్షవరం

నా చిన్నప్పుడు కొన్నాళ్లపాటు మా నాయనకు కాపలా ఉండడమే నా పని. అప్పుడు నాకు పదకొండేళ్లు. కోయంబత్తూరులో మిల్లువాళ్లు కట్టించిన లైన్ ఇళ్లలో ఉండేవాళ్లం. నన్ను బడి మాన్పించారు. అమ్మ రీలింగులో నూలు చుట్టే పనికి పోతూ పోతూ, గుమ్మం దగ్గర నా రెండు భుజాలూ పట్టుకుని, నాయనను ఒక్క నిమిషం కూడా ఒంటరిగా వదలొద్దని చెప్పేది. ఎందుకో చెప్పేది కాదు. నేనూ అడగలేదు.

మిల్లులో దూది ఏకే కార్డింగు యంత్రంలో నాయన కుడిచెయ్యి పడింది. పెద్దాసుపత్రిలో మోచేతి దాకా తీసేశారు. ఇంటికి వచ్చినాక ఆయన గోడవైపు తిరిగి పడుకున్నాడు. అంతే. తోటి పనివాళ్లు వచ్చి, చాప చివర కాసేపు కూర్చుని లేచిపోయేవారు. అమ్మ ముద్దలు చేసి నోట్లో పెడితే రెండు తినేవాడు, మూడోదానికి తల తిప్పేసేవాడు. ఒక సాయంత్రం, నేను వాకిట్లో ఉన్నానని తెలియక, "ఇంక నేను ఉండీ ఏమి లాభం?" అన్నాడు అమ్మతో. ఆ మర్నాడే అమ్మ ఇంట్లో పదునైన వస్తువులన్నీ దాచేసింది. నాయన గడ్డం గీసుకునే కత్తిని గుడ్డలో చుట్టి రాగుల కుండ అడుగున పెట్టింది. ఆ సంగతి నాకూ అమ్మకూ తప్ప ఎవరికీ తెలియదు. ఎవరికీ చెప్పనని నాచేత ఒట్టు వేయించుకుంది.

అలా పది దినాలు. ఆయన వీపు చూస్తూ కూర్చునేదాన్ని. ఊపిరికి ఆ వీపు పైకి లేస్తోందా లేదా అని చూసేదాన్ని. ఒక్కోసారి కదలనట్టు అనిపించి, దగ్గరికి పోయి ముక్కు దగ్గర వేలు పెట్టేదాన్ని. పదకొండేళ్ల పిల్లకు అంత భయం ఎక్కడ పట్టిందో ఇప్పటికీ నాకు అర్థం కాదు.

కబురు అంది, తుడియలూరు పక్కన కాస్త సేద్యం చేసుకునే మా తాతయ్య వచ్చాడు. అమ్మకు నాన్న. చదువు లేదు. కానీ వయసులో పళనికి నడిచిపోయి, అక్కడ తెలుగు మాట్లాడే ఒక ముసలి సన్యాసి దగ్గర కొన్ని నెలలు ఉన్నాడట. అప్పటినుంచి ప్రతిదానికీ ఒక తత్వం చెప్పేవాడు. వచ్చిన రోజే నాయన పక్కన కూర్చుని, ఈ శరీరం మనది కాదనీ, బాడుగ ఇల్లు లాంటిదనీ, గోడ ఒకటి కూలితే లోపల ఉండేవాడికి ఏమీ కాదనీ చాలాసేపు చెప్పాడు. నాయన గోడవైపు చూస్తూనే విన్నాడు. చివరికి, "మామా, మీ తత్వం మీకాడే పెట్టుకోండి. నాకు చెయ్యి కావాల" అన్నాడు.

తాతయ్య వాకిట్లోకి వచ్చి, నా పక్కన కూర్చుని, పగలంతా నేనేం చేస్తానో అడిగితే కత్తి సంగతి తప్ప అంతా చెప్పాను. తాతయ్య తత్వం పారకపోవడం నేను చూడడం అదే మొదటిసారి. పెద్దవాళ్లకు కూడా ఏమీ తెలియదేమో అనిపించింది. రెండు రోజులు ఆయన తత్వం ఊసే ఎత్తలేదు.

మూడో రోజు పొద్దున, పనివేళకు మిల్లు సంగు కూశాక అమ్మ వెళ్లిపోయింది; తాతయ్య గిన్నెలో నీళ్లు, సబ్బు ముక్క తెచ్చుకుని నాయన ఎదురుగా గోడకూ చాపకూ మధ్య ఇరుక్కుని కూర్చున్నాడు. నాయనకు చూడక తప్పలేదు. అల్లుణ్ని ఆయన అరవంలో మాప్పిళ్ళె అనే పిలిచేవాడు.

"మాప్పిళ్ళె, గడ్డం పెరిగి దురద పెడతా ఉండాది. కొంచెం గీయండి."

"క్షవరం చేసేవాళ్లు లేరా మామా?"

"ఉండారు. నాకు మీరే గీయాల."

"నాకు చెయ్యేది?"

"ఎడమది ఉండాది కదా."

నాయన కళ్లు మూసుకున్నాడు. తాతయ్య నావైపు తిరిగి, "కన్నూ, కత్తి ఎక్కడ పెట్టినారు? తెచ్చీ" అన్నాడు.

అమ్మకు వేసిన ఒట్టు గుర్తొచ్చింది. తాతయ్య తొందర పెట్టలేదు, నన్నే చూస్తూ కూర్చున్నాడు. ఆఖరికి పోయి, రాగుల కుండలో మోచేతి దాకా చెయ్యి పెట్టి గుడ్డమూట బయటికి తీశాను. వెనక్కి తిరిగేసరికి నాయన లేచి కూర్చుని ఉన్నాడు. ఆ మూటను చూశాడు, కుండను చూశాడు, నా చేతికి అంటిన రాగుల పొట్టును చూశాడు.

"అది అక్కడ ఎందుకు పెట్టినారు?"

నేను ఏడుపు మొదలుపెట్టాను. తాతయ్యే చెప్పాడు. "ఈ పిల్ల పది దినాలుగా మీకు కావలి కాస్తా ఉండాది మాప్పిళ్ళె. మీరు ఊపిరి తీస్తారా లేదా అని చూస్తా ఉండాది."

చెయ్యి పోయినప్పుడు కూడా నాయన అంతగా దెబ్బతినలేదనుకుంటాను. ఎడమచెయ్యి చాపాడు. నేను తాతయ్య వైపు చూశాను. ఆయన తల ఊపాడు. కత్తి ఇచ్చాను.

తాతయ్య నురగ పూసుకుని, తల వెనక్కి వాల్చి, గొంతు ముందుకు చాపాడు. చర్మం బిగదీసి పట్టడానికి నాయనకు రెండో చెయ్యి లేదు కాబట్టి నన్ను పిలిచారు. తాతయ్య చెంప ముడతలను నా వేళ్లతో లాగి పట్టుకున్నాను. నాయన ఎడమచేతి తడబాటు తాతయ్య చర్మం గుండా నా వేళ్లకు తెలుస్తోంది. మొదటి గీతకే రక్తం వచ్చింది. నాయన కత్తి కింద పెట్టేశాడు. "నావల్ల కాదు మామా. గొంతు తెగితే?"

"తెగకుండా గీయండి" అన్నాడు తాతయ్య, కళ్లు మూసుకునే.

ఒక చెంప అయ్యేసరికి నాయన చెమటతో తడిసిపోయాడు, చెయ్యి పట్టు తప్పింది. తాతయ్య లేచి, తెగినచోటల్లా పటిక రుద్దుకున్నాడు. "చాలు. మిగిలింది రేపు గీద్దురు" అని, ఒక చెంప నున్నగా, ఒక చెంప తెల్లటి గడ్డంతో, అలాగే వీధిలోకి పోయాడు. టీ కొట్టుకు పోయాడు, కొళాయి దగ్గర నిలబడ్డాడు, పిల్లలు వెంటపడి నవ్వితే వాళ్లతోపాటు నవ్వాడు. ఎవరు అడిగినా ఒకటే జవాబు. "మా మాప్పిళ్ళె గీస్తా ఉండాడు. సగం పని మిగిలి ఉండాది."

మర్నాడు ఎవరూ పిలవకుండానే నాయన లేచాడు. "రండి మామా, ఆ మొహంతో ఊళ్లో తిరగొద్దు" అన్నాడు విసుగ్గా. ఆ విసుగు విని అమ్మ పొయ్యి దగ్గర కొంగు నోట్లో కుక్కుకుంది. నెల రోజుల్లో ఆమె విన్న మొదటి ప్రాణమున్న మాట అది.

అంతటితో అన్నీ చక్కబడ్డాయని చెప్పను. తర్వాత కూడా నాయన రోజుల తరబడి పడుకున్న సందర్భాలు ఉన్నాయి. లేని చేతి వేళ్లు నొప్పి పెడుతున్నాయని ఏడ్చేవాడు. అలాంటప్పుడల్లా తాతయ్య ఊరినుంచి వచ్చి, తత్వం చెప్పకుండా ఏదో ఒక పని ముందు పెట్టేవాడు, ఒక పూటకు సరిపడేది మాత్రమే. కొన్నిటికి నాయన లేచేవాడు, కొన్నిటికి లేవలేదు. చాలా నెలలకు మిల్లులో దూది బేళ్ల గోడౌనులో గుర్తులు చూసి రాసే పని ఇచ్చారు. ఎడమచేత్తో వంకర అక్షరాలు నేర్చుకున్నాడు. మళ్లీ యంత్రం దగ్గరికి పోలేదు, మునుపటిలా గట్టిగా నవ్వనూ లేదు. కానీ నా పెళ్లి చూశాడు, నా పిల్లలను ఎత్తుకున్నాడు.

ఆ మొదటిసారి తాతయ్య ఊరికి తిరిగిపోయేనాడు బస్సు దాకా నేనే తోడు పోయాను. ఆయన దవడ కింద గాట్లు ఇంకా ఎర్రగా ఉన్నాయి. భయం వెయ్యలేదా తాతా అని అడిగాను.

"వేసింది కన్నూ. అందుకే కళ్లు మూసుకున్నా" అన్నాడు. తర్వాత తనే చెప్పాడు. "ఆ సన్యాసి నాకు ఎన్నో చెప్పినాడు. ఒకటే నిలబడింది. మనసు వచ్చినాక లేద్దామని కూర్చుంటే ఎవురూ లేవరు. లేస్తే, అది ఎనకాల మెల్లిగా వస్తాది."

నాకు ఇప్పుడు డెబ్బై దాటింది. మా ఆయన చనిపోయిన ఏడాది నేనూ గోడవైపు తిరిగి పడుకున్నాను. తాతయ్య మాట వల్ల ధైర్యం వచ్చిందని అంటే అబద్ధం అవుతుంది. లేచి మొహం కడుక్కునేదాన్ని, అంతే. తర్వాత పొయ్యి వెలిగించేదాన్ని. కొన్ని రోజులు మనసు మధ్యాహ్నానికి వచ్చి చేరేది. కొన్ని రోజులు రానే రాలేదు. రాని రోజున కూడా ఇంట్లో అన్నం ఉండేది.