తాతయ్య తన కంచం తానే కడిగిన ఆదివారం

మా చిన్నప్పుడు ఆబిడ్స్ పోస్టాఫీసు వెనక సందులో మా ఇల్లు... వాకిట్లో కుళాయి, పక్కన బూడిద, కొబ్బరి పీచు, ఎంగిలి కంచాల గుట్ట. ఆ గుట్ట ముందు నేను.

అమ్మ నడుము నొప్పితో మంచం పట్టింది. ఇంటికి పెద్దదాన్ని కదా... పొద్దున అందరి కంచాలు తోమి బడికి పరుగెత్తేసరికి ప్రార్థన అయిపోయేది. రోజూ గేటు బయటే నిలబడేదాన్ని.

చివరికి నానమ్మ తేల్చేసింది. "ఏడు సదివింది చాలు. వచ్చే నెలకెల్లి బడి బంద్."

నాన్న చెప్పులేసుకుని పనికి వెళ్ళిపోయారు. నేను దేవుడి గూట్లో దీపం పెట్టాను.

ఆ ఆదివారం నానమ్మ తమ్ముడు భోజనానికి వచ్చారు. మాకు తాతయ్య. పడుచు వయసులో స్వాతంత్ర్యం కోసం జైలుకు వెళ్ళిన మనిషి. ఆ తర్వాత సోషలిస్టు అయ్యారు. పెళ్ళి ఊసెత్తకుండా నాంపల్లి స్టేషను దగ్గర కిరాయి గదిలో ఉంటూ, హమాలీల కూలి కోసం ఆఫీసుల చుట్టూ తిరిగేవారు.

తిన్నాక తాతయ్య కంచం పట్టుకుని కుళాయి దగ్గరికి వచ్చారు. నా చేతిలోని పీచు తీసుకున్నారు.

నానమ్మ వంటింట్లోంచి ఉరికి వచ్చింది. "ఏందిరా ఇది! నా ఇంట్ల తిని నువ్వు కంచం కడుగుడేంది? నలుగురు చూస్తే నా ఇజ్జత్ ఏంగావాలె?"

"జైల్ల పడ్డ అలవాటక్కా. గాడ వకీలైనా, కూలోడైనా ఎవరి కంచం వాళ్ళే కడగాలె."

"గిదేమన్న జైలా?"

"నాకైతే కాదు. జర గీ పిల్లనడుగు."

నానమ్మ అడగలేదు. తాతయ్యే అడిగారు. "బడికి ఎప్పుడు పోతవు బిడ్డా?"

"ప్రార్థన అయినంక తాతా... వచ్చే నెల నుంచి గదీ లేదు."

తాతయ్య ఉపన్యాసం ఇవ్వలేదు. కంచం బోర్లించి పక్కకు జరిగారు... వెనకవాళ్ళకు చోటిచ్చినట్టు.

నాన్న చివరి ముద్ద తిన్నారు. తర్వాత కంచం తీసుకుని లేచి వచ్చారు.

"పీచు గిట్ల పట్టాల్నా?" అని నన్నే అడిగారు.

నానమ్మ "రామ రామ" అంటూ కొంగు మొహాన కప్పుకుంది. నాన్న వెనక తమ్ముళ్ళిద్దరూ. వాళ్ళు తోమిన కంచాలకు బూడిద అలాగే ఉంది. మంచం మీంచి అమ్మ నవ్వు వినబడింది. ఆ నవ్వు విని ఎన్నాళ్ళయిందో...

"కొడుకు, మనవలు లైన్ కట్టిన్రు చూడక్కా. నీకు జైలర్ నౌకరి దొరికింది!"

"నోరు ముయ్యిరా," అంటూనే నానమ్మ కూడా నవ్వేసింది.

మర్నాడు బడిలో ప్రార్థన మొదటి మాట నుంచి పాడాను. నానమ్మ చెప్పిన ఆ నెల వచ్చింది, పోయింది... నా బడి మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

దేవుడి దయవల్ల టీచరునయ్యాను. ఆలస్యంగా వచ్చిన ఆడపిల్లను గేటు బయట నిలబెట్టను. ఇంట్లో కంచాలెవరు కడుగుతారని అడుగుతాను. ఇదివరకు తలదించుకునేవారు. ఈ మధ్య కొందరు "మా నాయిన కడుగుతడు టీచర్" అంటున్నారు... వినడానికి తాతయ్య లేరు.

మీ ఇంట్లో మగవాళ్ళలో మొదట కంచం కడిగింది ఎవరు? రాయండి... ఒక్కొక్కటే చదువుకుంటాను.