నీళ్ళు మాఫీ

హన్మాండ్లును మొదటిసారి చూసినప్పుడు నాకు ఒళ్ళు మండిపోయింది. అది తొంభై ఆరు మార్చి. నేను దోహాలో నీళ్ళు పరీక్షించే ల్యాబ్‌లో పనిచేసేవాణ్ణి. ఐన్ ఖాలిద్‌లో ఒక పెద్దమనిషి విల్లాకు వారానికోసారి వెళ్ళి, అక్కడి కొలను నీళ్ళు సీసాలో పట్టుకు రావడం నా డ్యూటీ. ఆ మంగళవారం వెళ్ళేసరికి బక్కపలచటి మనిషొకడు ప్యాంటు మోకాళ్ళదాకా మడిచి, రబ్బరు గొట్టంతో కొలనులోకి కొళాయి నీళ్ళు వదులుతున్నాడు. పైగా కూనిరాగం.

ఏసీ గదిలో రాళ్ళు పేర్చి, మోటారుతో నీళ్ళు పారించి కట్టిన ఆ కొలను నిజానికి ఒక చిన్న వాగు. అందులో రెండడుగుల సాలమాండర్ ఉండేది. అమెరికా కొండవాగుల ప్రాణి. కప్పలకు చుట్టం, చూడ్డానికి బల్లి. చదునైన తల, పక్కల వెంట వదులుగా వేలాడే ముడతల చర్మం. అందం చూసి ఎవరూ పెంచుకోరు గానీ యజమానికి అదంటే ప్రాణం. ఊపిరితిత్తులున్నా అది గాలి పీల్చేది దాదాపు అంతా చర్మంతోనే. అందుకే దానికి వారానికోసారి ట్యాంకర్‌లో ప్రత్యేకంగా నీళ్ళు వచ్చేవి. కొళాయి నీళ్ళలో క్లోరిన్ ఉంటుంది మరి.

గొట్టం లాక్కుని, ఎవరు పొయ్యమన్నారని కేకలేశాను. తెలుగు వినపడగానే అతని మొహం వెలిగిపోయింది. తిట్టు కూడా అతనికి తీపిగానే ఉన్నట్టుంది.

“ఇద్రీస్ సాబే చెప్పిండు సారూ. నల్లా చూపిచ్చి, నీళ్ళు మాఫీ అన్నడు. మాఫీ అంటె ఇడిసిపెట్టినట్టే గద? మా దిక్కు శిస్తు మాఫీ అన్నట్టు. గందుకే ఐదు దినాలసంది కడుపునిండ పోస్తున్న.”

ఇద్రీస్ ఆ విల్లా మేనేజరు, సూడాన్ మనిషి. అక్కడి అరబ్బీలో మాఫీ అంటే లేదు, వద్దు అని. నా కోపం సగంలోనే నవ్వయింది.

“ఓరి నాయనా, కొళాయి నీళ్ళు వద్దన్నాడయ్యా ఆయన.”

హన్మాండ్లు మొహం పాలిపోయింది. కొలను చూసుకునే పనికి వచ్చి అప్పటికింకా వారం కాలేదు. ధర్మపురి దగ్గర పల్లె, గోదాట్లో చేపలు పట్టే కుటుంబం. మా రాజోలు గోదారినే వాళ్ళు గంగ అంటారు. నెమ్మదిగా ఒక సంగతి బయటపెట్టాడు. “ముసల్ది” రెండు రోజులుగా రాయి కిందికి పోవడంలేదట. ముడతల చర్మం చూసి దానికతను పెట్టిన పేరది. వంగి చూశాను. నిజమే, అది పట్టపగలు బయటికొచ్చి ఒళ్ళు అటూ ఇటూ ఊపుతోంది. చర్మం మీద తెల్లటి జిగురు. రొయ్య వేస్తే తల తిప్పుకుంది.

ఇద్రీస్‌కు చెప్పక తప్పలేదు. యజమాని శుక్రవారం లండన్ నుంచి వస్తాడని, ఈలోగా అది చస్తే హన్మాండ్లు తర్వాతి విమానంలో ఇంటికేనని ఆయన తేల్చేశాడు. ట్యాంకర్ వచ్చేది శనివారం.

కొళాయి నీళ్ళను ఎండలో ఉంచి కదిలిస్తే క్లోరిన్ ఎగిరిపోతుంది. ఆ మాట చెప్పి నేను ల్యాబ్‌కు పోయాను. మర్నాడు వెళ్ళేసరికి పెరట్లో ఇరవై డ్రమ్ములు బారుగా ఉన్నాయి. ఎక్కడ సంపాదించాడో ఆ దేవుడికే తెలియాలి. హన్మాండ్లు తలకు తువ్వాలు చుట్టుకుని ప్రతి డ్రమ్ములోంచీ బకెట్‌తో తోడుతూ, ఎత్తునుంచి మళ్ళీ అందులోనే పోస్తున్నాడు. గొణుగుతూనే నేనూ చొక్కా చేతులు మడిచాను. క్లోరిన్ పరీక్ష మాత్ర వేసి చూస్తే నీళ్ళు గులాబీ రంగుకు తిరిగాయి, అంటే ఇంకా క్లోరిన్ ఉందన్నమాట. గురువారం పొద్దున మాత్ర వేస్తే నీళ్ళు నీళ్ళలాగే ఉన్నాయి. ఐసు సంచులతో చల్లబరిచి, పాతనీళ్ళు తోడేసి, కొత్తవి నింపాం. సాయంత్రానికి అది మెల్లగా రాయి కిందికి దూరింది. కానీ తినలేదు.

శుక్రవారం యజమాని తిన్నగా కొలను దగ్గరికే వచ్చాడు. మోటారు చెడిపోయిందని చెబుదామని ముందే అనుకున్నాం. అనుకున్నది నేనే. హన్మాండ్లు ముందుకొచ్చి నిలబడ్డాడు.

“నేనే పోసిన, తెల్వక పోసిన అని చెప్పున్రి సారూ.”

పళ్ళు నూరుకుంటూ అరబ్బీలో చెప్పాను. దానికి బాగాలేదని ముందు కనిపెట్టిందెవరని ఆయన అడిగాడు. ఇతనేనన్నాను. ఎలాగని అడిగితే హన్మాండ్లు ఇలా అన్నాడు:

“మా గంగల గూడ నీళ్ళు చెడితె ముందుగాల రాళ్ళ కింది జీవాలే పైకొస్తయ్. ఎండ్రికాయలు తినేటియి పోతె ఎండ్రికాయలు మస్తుగ పెరుగుతయ్, ఎనుక వాగే మారిపోతది. గిసొంటిది రాయి కింద సల్లగున్నదంటె వాగు బతికున్నట్టు.”

ఆ ముక్కలు అరబ్బీలో పెడుతుంటే నాకు సిగ్గేసింది. తొమ్మిదేళ్ళుగా నీళ్ళకు మార్కులు వేస్తున్నాను, ఆ నీళ్ళలో బతికేవాళ్ళ సంగతి ఒక్కసారీ తలచుకోలేదు.

యజమాని కొలనులోకి వంగి చూశాడు. ఇప్పుడు నీళ్ళెలా ఉన్నాయని నన్నడిగాడు. నేను జేబులోంచి రిపోర్టు తీసి విప్పుతున్నాను. హన్మాండ్లు గట్టున కూర్చుని రాయి అంచున ఒక రొయ్య జారవిడిచాడు. చదునైన తల బయటికొచ్చింది. టప్పున నోరు తెరుచుకుని మూసుకుంది. రొయ్య లేదు.

“నీళ్ళు మంచిగున్నయని చెప్పున్రి సారూ,” అన్నాడు హన్మాండ్లు. కళ్ళు తుడుచుకుంటూ నవ్వుతున్నాడు.

చెప్పాను. యజమాని పెద్దగా నవ్వి, ఈ మనిషిని ఈ కొలను దగ్గర్నుంచి కదిలించొద్దని ఇద్రీస్‌తో అన్నాడు. ఆ మాట హన్మాండ్లుకు తెలుగులో చెప్పి, అతని పక్కనే గట్టున కూర్చున్నాను.